'మామూలుగా ఉండండి చాలు' అంటారు గానీ: డాక్యుమెంటరీలో కనపడేవాళ్ల గోల

పలాస దాటి ఇచ్ఛాపురం దాకా ఉన్న ఊళ్లల్లో కెమెరా చూసి ఆశ్చర్యపోయేవాళ్లు ఇప్పుడెవరూ లేరు. ఉద్దానం కిడ్నీ జబ్బు మీద తియ్యడానికి వచ్చినోళ్లు, 2018 అక్టోబర్‌లో తిత్లీ తుపాను కొబ్బరి తోటల్ని నేలకి కొట్టాక వచ్చినోళ్లు, జీడి ఫ్యాక్టరీల్లో ఆడవాళ్ల చేతులు చూపిద్దామని వచ్చినోళ్లు, థర్మల్ ప్లాంట్లు వద్దన్న జనం మీద పోలీసులు జరిపిన 2010 సోంపేట, 2011 కాకరాపల్లి కాల్పుల గురించి అడగడానికి వచ్చినోళ్లు, ఇలా ఒకళ్ల తర్వాత ఒకళ్లు. 2014లో చెన్నై మౌలివాక్కంలో కడుతున్న బిల్డింగ్ కూలిపోయినప్పుడు మన శ్రీకాకుళం, విజయనగరం వలస కూలీలు చాలామంది చనిపోయారు కదా, అప్పుడు ఆ ఇళ్లకీ వెళ్లారు. వచ్చినోళ్లందరూ చెప్పే మాట మాత్రం ఒకటే: "మీరు యాక్టింగ్ ఏం చెయ్యక్కర్లేదమ్మా, మామూలుగా ఉండండి చాలు."

వినడానికి ఎంత తేలిగ్గా ఉందో లోపలికెళ్తే అంత చిక్కు ఉందీ మాటలో. ఒక ఉదాహరణ చెప్తాను. గుజరాత్ బోట్ల మీద పనికెళ్లి 2018 నవంబర్‌లో పాకిస్తాన్ వాళ్లకి పట్టుబడి, 2020 జనవరిలో వాఘా దగ్గర విడుదలైన మన మత్స్యకారుల కథ 2025లో పెద్ద కమర్షియల్ సినిమాగా వచ్చింది. అందులో జైల్లో మగ్గినాయన యాక్టరు, షాట్ అయిపోతే కారవాన్‌లో కూర్చుని జ్యూస్ తాగుతాడు, తర్వాతి సినిమాలో పోలీసు అవుతాడు. అదే కథని ఆ మత్స్యకారుడే కెమెరా ముందు కూర్చుని చెప్తే అది పాత్ర కాదు, షాట్ అయ్యాక తీసేసే మేకప్ ఏమీ లేదు, మర్నాడు అదే ఒడ్డున అదే జనం మధ్యలో వల బాగుచేసుకోవాలి. నిన్న ఏం చెప్పాడో అందరికీ తెలుసు, యజమానికి తెలుసు, అప్పిచ్చినోడికి తెలుసు.

నేను శ్రీకాకుళం వాణ్నే, లోకల్ కోఆర్డినేటర్ అనే పెద్ద పేరుతో కొన్ని టీముల వెనకాల తిరిగాను (పని మాత్రం కారుకి దారి చూపించడం, సర్పంచ్ గారితో మాట్లాడటం, వాళ్ల ప్రశ్న మనోళ్లకీ మన యాస వాళ్లకీ చేరవెయ్యడం). నాకర్థమైంది ఏంటంటే చిక్కంతా లెక్క తేడాలో ఉంది. డాక్యుమెంటరీలో కనపడటం ఏళ్ల తరబడి సాగే పని, దానికి అనుమతి మాత్రం ఒక్క పూటలో, ఒక్క సంతకంతో తీసేసుకుంటున్నారు. మిగతా గొడవలన్నీ, డబ్బు గొడవ, ఎడిటింగ్ గొడవ, పరువు గొడవ, అన్నీ ఇక్కణ్నుంచే మొదలవుతాయి.

ముందు ఆ 'మామూలుగా' అనే దాని సంగతి చూద్దాం. కవిటి వైపు ఒక ఇంట్లో షూటింగ్. ఇంటాయన డయాలసిస్ మీద ఉన్నాడు, భార్య మాట్లాడాలి. ఆవిడ మనుషులొస్తున్నారని మంచి చీర కట్టుకుంది, గడపకి పసుపు రాసింది, ప్లాస్టిక్ కుర్చీలు తుడిచి వేసింది. కెమెరామెన్ మానిటర్‌లో చూసి వెనకాల ఎర్ర ఫ్రిజ్ ఉంది, కన్ను దాని మీదకే పోతోంది, కొంచెం జరపగలరా అన్నాడు. ఇద్దరు కుర్రాళ్లు ఫ్రిజ్‌ని వంటింట్లోకి తోశారు. తర్వాత చీర మెరుస్తోంది, రోజూ కట్టుకునేది కట్టుకుంటే బాగుంటుంది అన్నారు, ఆవిడ లోపలికెళ్లి వెలిసిపోయిన నేత చీర కట్టుకొచ్చింది. కుర్చీ తీసేసి గుమ్మంలో కింద కూర్చోబెట్టారు. "ఇప్పుడు నేచురల్‌గా ఉంది" అన్నాడు డైరెక్టరు, చాలా మంచివాడే, మనసులో ఏ దురుద్దేశమూ లేదు. ఆవిడ టీ కాస్తూ నాతో మెల్లగా అంది: "ఏటి బాబూ, ఫ్రిజ్జి ఉన్నోలికి జబ్బు రాదేటి?"

అసలు విషయం ఏంటంటే ఆ ఫ్రిజ్ కొన్నదే జబ్బు కోసం. కిడ్నీ పాడైతే రక్తం తగ్గిపోతుంది, రక్తం పెరగడానికి ఎరిత్రోపోయిటిన్ ఇంజెక్షన్లు వేస్తారు, వాటిని 2 నుంచి 8 డిగ్రీల చల్లదనంలో ఉంచాలి. వాయిదాల మీద కొన్నారు ఫ్రిజ్‌ని. అంటే ఆ గదిలో జబ్బు గురించి అన్నిటికన్నా ఎక్కువ చెప్పగలిగిన వస్తువునే జబ్బు సినిమాలోంచి అవతలికి తోసేశారన్నమాట, ఎందుకంటే అది పేదరికంలా కనపడలేదు.

ఇది కొత్త జబ్బేం కాదు. 1922లో రాబర్ట్ ఫ్లాహర్టీ తీసిన 'నానూక్ ఆఫ్ ది నార్త్' అని ఒకటుంది, డాక్యుమెంటరీ చరిత్ర చెప్పేవాళ్లందరూ దాంతోనే మొదలుపెడతారు. కెనడా ఉత్తరాన మంచులో బతికే ఇన్యూట్ కుటుంబం గురించి. అందులో నానూక్‌గా కనపడే ఆయన అసలు పేరు అల్లకరియాల్లక్, ఆయన భార్యగా చూపించినావిడ ఆయన భార్య కాదు. అప్పటికే వాళ్లు తుపాకులు వాడుతున్నా పాతకాలం పద్ధతిలో బల్లెంతో వేట చేయించారు, మంచు ఇంట్లో వెలుతురు చాలట్లేదని సగం కోసేసిన ఇల్లు కట్టించి ఆ చలిలోనే పడుకోబెట్టారు. నూరేళ్లు దాటినా సగం కోసిన మంచిల్లూ వంటింట్లోకి తోసిన ఎర్ర ఫ్రిజ్జూ ఒకటే తర్కం: చూసేవాడి మనసులో ముందే ఒక బొమ్మ ఉంది, మనిషి ఆ బొమ్మలో పట్టాలి.

అయితే ఇక్కడ చదువుకున్నవాళ్లు ఇంకో వైపు తప్పు చేస్తారు. "వాళ్లకి అలవాటైపోయిందండీ, కెమెరా కనపడితే ఏడుపు మొదలెడతారు" అంటారు చూడండి, అది విన్నప్పుడు నాకు ఒళ్లు మండుతుంది. ఉద్దానంలో డయాలసిస్ మీదున్నోళ్లు కెమెరా రాగానే చొక్కా చెయ్యి పైకి మడిచి ఫిస్టులా చూపిస్తారు, అదేనండీ, సూదులు గుచ్చడానికి వీలుగా చేతిలో రక్తనాళాల్ని కలిపి ఆపరేషన్ చేస్తారు, అక్కడ తాడులా ఉబ్బి ఉంటుంది, వేలు పెడితే గిర్రుమని కొట్టుకోవడం తెలుస్తుంది. అడక్కుండానే చూపిస్తారు, నిజమే. ఎందుకు చూపించరు? వచ్చిన ప్రతి కెమెరా అదే అడిగింది కదా. పైగా చూపిస్తే ఏదో ఒకటి కదులుతుందని వాళ్లకి అనుభవం: డయాలసిస్ సెంటర్లు వచ్చాయి, డయాలసిస్ వాళ్లకి నెలకి 10,000 పెన్షన్ వచ్చింది, 2023 డిసెంబర్‌లో పలాసలో 200 పడకల ఆస్పత్రీ కిడ్నీ రీసెర్చ్ సెంటరూ మొదలయ్యాయి, హిరమండలం రిజర్వాయర్ నుంచి పైపుల్లో నీళ్లు తెచ్చారు. వీటన్నిటికీ కెమెరాలే కారణం అనను, కానీ కెమెరాలు రాకపోయినా ఇవన్నీ వచ్చేవి అని కూడా ఎవరూ గట్టిగా చెప్పలేరు. కాబట్టి ఆ మనిషి చెయ్యి చాపడం నటన అనుకోకండి, అది అర్జీ. ఆఫీసులో పెట్టిన అర్జీ కదలనప్పుడు ఒంటితో పెట్టే అర్జీ.

మన్యం వైపు డోలీ వీడియోలూ ఇంతే. కురుపాం, సాలూరు, గుమ్మలక్ష్మీపురం కొండల మీదనుంచి నొప్పులొచ్చిన ఆడమనిషిని కర్రకి దుప్పటి కట్టి మోసుకొస్తున్న వీడియోలు మీరూ చూసే ఉంటారు. వాటిలో చాలా వరకు ఆ ఊరి కుర్రాళ్లే ఫోన్లో తీసి పెట్టినవి, రోడ్డు వెయ్యండ్రా బాబూ అని. అది వాళ్ల ఆయుధం, దానికి నేను అడ్డు చెప్పను. కానీ అదే సీను బయట టీమ్ వచ్చి తీసినప్పుడు ప్రశ్న మారిపోతుంది: డోలీలో నొప్పులు పడుతున్న ఆవిణ్ని ఎవరైనా అడిగారా? ఆ టైంలో అడిగినా ఆవిడ ఏం చెప్పగలదు? మోస్తున్న మొగుడు ఒప్పుకున్నాడు, ఊరి పెద్ద ఒప్పుకున్నాడు అంటారు, ముఖం మాత్రం ఆవిడది. అలాంటప్పుడు తీస్తే తీశారు, బిడ్డ పుట్టి ఇంటికొచ్చి ఒళ్లు కుదుటపడ్డాక ఆ ఫుటేజ్ ఆవిడకే చూపించి, అప్పుడు అడగాలి. అప్పటిదాకా ఆ షాట్ ఎంత గొప్పదైనా హార్డ్‌డిస్క్‌లోనే ఉండాలని నా అభిప్రాయం.

ఇప్పుడు సంతకం దగ్గరికొద్దాం, ఎందుకంటే కథంతా అక్కడే ఉంది. రిలీజ్ ఫారం అంటారు దాన్ని. ఎక్కువగా ఇంగ్లీష్‌లోనే ఉంటుంది, షూటింగ్ అయిపోయాక సామాన్లు సర్దుకుంటూ "ఇక్కడో సంతకం అమ్మా, ఫార్మాలిటీ" అని ఇస్తారు, సంతకం రాకపోతే ఇంకుప్యాడు. అందులో మామూలుగా ఉండే సరుకు ఇది: మీ రూపం, గొంతు, మీరు చెప్పిన కథ, మీ ఇంటి దృశ్యాలు, అన్నిటినీ ఎలాగైనా కత్తిరించి ఎక్కడైనా వాడుకునే హక్కు శాశ్వతంగా ఇస్తున్నాను, ఇప్పుడున్న మాధ్యమాల్లోనూ ఇకముందు కనిపెట్టబోయే మాధ్యమాల్లోనూ, విశ్వమంతటా. విశ్వమంతటా అన్నది నా కవిత్వం కాదండీ, నిజంగానే అలా రాస్తారు, అంటే వజ్రపుకొత్తూరు అమ్మమ్మ గారి ఇంటర్వ్యూ శనిగ్రహం మీద వేసుకున్నా ఆవిడ అడగడానికి లేదు. ఇది లాయర్ల జాగ్రత్త, పెద్ద ప్లాట్‌ఫామ్‌లకి అమ్మాలంటే ఈ కాయితాలు లేకుండా కొనరు, అదీ నిజమే. కానీ వేలిముద్ర వేసినావిడ ఒప్పుకున్నది దీనికి కాదు. ఆవిడ ఒప్పుకున్నది ఎదురుగా కూర్చుని "అమ్మా భోంచేశారా" అని అడిగిన ఆ అమ్మాయితో మాట్లాడటానికి. ఫారం పోయేది కంపెనీ ఫైల్లోకి, ఆ అమ్మాయి ఇంకో ఏడాదికి ఇంకో కంపెనీలో ఉంటుంది.

చట్టం ఏమంటుంది అని అడుగుతారు. ఒకే చోట లేదు, అక్కడక్కడా ఉంది, అదే తలనొప్పి. 1957 కాపీరైట్ చట్టం ప్రకారం ఫిలిం మీద హక్కు నిర్మాతది, 60 ఏళ్లు. అందులో కనపడిన మనిషికి అందులో వాటా ఏమీ రాదు. అదే చట్టంలో పెర్ఫార్మర్ల గురించి ఒక చిన్న మెలిక ఉంది: సినిమాలో ఏదో యథాలాపంగా కనపడి, ఆనవాయితీ ప్రకారం టైటిల్స్‌లో పేరు కూడా పడని మనిషిని పెర్ఫార్మర్‌గా లెక్కపెట్టరు, అయినా సరే తను చేసినదాన్ని పరువు పోయేలా వంకర తిప్పితే అడ్డుకునే హక్కు మాత్రం ఆ మనిషికీ ఉంచారు, 2012 సవరణలో వచ్చింది. గుమ్మంలో కూర్చుని మాట్లాడటం పెర్ఫార్మెన్స్ అవుతుందా అని లాయర్లు కోర్టులో కొట్టుకోవచ్చు, అది వేరే సంగతి. ఇక ప్రైవసీ వైపు చూస్తే, 1994లో ఆటో శంకర్ (తమిళనాట హత్య కేసుల్లో ఉరిశిక్ష పడిన ఖైదీ) ఆత్మకథ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది: మనిషి తన కుటుంబం, పెళ్లి, పిల్లలు, చదువు లాంటి సొంత విషయాలు తన అనుమతి లేకుండా బయటపెట్టకుండా కాపాడుకోవచ్చు, కోర్టు కాగితాల్లాంటి పబ్లిక్ రికార్డులో ఉన్నవాటికి మాత్రం ఇది వర్తించదు అని. 2017లో తొమ్మిది మంది జడ్జిల బెంచ్ ప్రైవసీని ప్రాథమిక హక్కు అనేసింది.

2023లో వచ్చిన డిజిటల్ పర్సనల్ డేటా చట్టంలో మన గొడవకి బాగా దగ్గరగా ఉన్న రెండు మాటలున్నాయి. ఒకటి, అనుమతి అడిగే కాగితం ఇంగ్లీష్‌లో గానీ రాజ్యాంగం ఎనిమిదో షెడ్యూల్లోని 22 భాషల్లో కావాల్సిన దాంట్లో గానీ చదువుకునే వీలుండాలి. రెండు, ఇచ్చిన అనుమతిని వెనక్కి తీసుకోవడం, ఇచ్చినంత తేలిగ్గా ఉండాలి. దీని రూల్స్ 2025 నవంబర్‌లో వచ్చాయి, అసలు బాధ్యతలు అమల్లోకి రావడానికి 18 నెలల గడువిచ్చారు. మంచిదే, ఉద్దానంలో తెలుగు ఫారం అడగడానికి ఒక ఆధారం దొరికింది. కానీ ఇప్పుడు పార్వతీపురం మన్యం జిల్లాలోకి పోయిన సీతంపేటలో సవర ముసలాయనకి? సవర భాష ఆ 22లో లేదు. ఆయనకి ఆ కాగితం తెలుగులో ఇచ్చినా ఇంగ్లీష్‌లో ఇచ్చినా ఒకటే. అక్కడ చదివి వినిపించే మనిషి కావాలి, ఆ మనిషి షూటింగ్ టీమ్ జీతం తీసుకునేవాడై ఉండకూడదు (నాలాంటివాడు అసలు ఉండకూడదు).

పిల్లల విషయంలో, లైంగిక హింస విషయంలో, హెచ్ఐవీ విషయంలో చట్టం చాలా గట్టిగా ఉంది. జువెనైల్ జస్టిస్ చట్టం, పోక్సో, 2017 హెచ్ఐవీ ఎయిడ్స్ చట్టం, మూడూ గుర్తు తెలిసేలా బయటపెట్టడాన్ని ఆపుతాయి. "ముఖం బ్లర్ చేశాం కదా" అంటారు. ఊళ్లో బ్లర్ పనిచెయ్యదండీ. ఢిల్లీలో చూసేవాడికి అది ముఖం లేని మనిషి, పక్కింటాయనకి ఆ గొంతు, ఆ గోడ మీద క్యాలెండరు, వెనకాల వంగిన కొబ్బరిచెట్టు, ఆ చీర, ఒక్కటి చాలు.

ఇంకొకటి ఎవరూ చెప్పరు గానీ చాలా ముఖ్యం, కేసు నడుస్తున్నప్పుడు కెమెరా ముందు మాట్లాడటం. 2012 జూన్ 12న అప్పటి శ్రీకాకుళం జిల్లా లక్ష్మీపేటలో ఐదుగురు దళితుల్ని చంపేశారు, మడ్డువలస ప్రాజెక్టు భూముల దగ్గర మొదలైన గొడవ. అలాంటి ఘటన తర్వాత బతికి బయటపడ్డవాళ్లు ఒకేసారి రెండు పనులు చెయ్యాలి: వచ్చిన ప్రతివాళ్లకీ జరిగింది చెప్పాలి, కోర్టులోనూ చెప్పాలి. మనిషి జ్ఞాపకం ప్రతిసారీ ఒకేలా రాదు, బాధలో ఉన్నప్పుడు అసలు రాదు, ఒకసారి ముందు గొడ్డలి కనపడింది అంటాడు, ఇంకోసారి ముందు కేక వినపడింది అంటాడు. సినిమాకి దాంతో నష్టం లేదు. కోర్టులో మాత్రం అవతలి లాయరు ఆ తేడానే పట్టుకుంటాడు. రికార్డైన మాటని సాక్షి మాటకి విరుద్ధంగా చూపించడానికి వాడుకోవచ్చని 1970లోనే, వి.వి. గిరి రాష్ట్రపతి ఎన్నిక కేసులో, సుప్రీంకోర్టు ఒప్పుకుంది (గిరి గారిది మన ఇచ్ఛాపురం పక్కనే ఉన్న బరంపురం). కాబట్టి సాక్షిగా ఉన్న మనిషి కెమెరా ముందు కూర్చునే ముందు తన లాయర్ని ఒక మాట అడగాలి, అడగమని చెప్పాల్సిన బాధ్యత సినిమా తీసేవాళ్లది.

డబ్బు. ఇక్కడ అందరూ నేల చూపులు చూస్తారు. డాక్యుమెంటరీ వాళ్ల సంప్రదాయం ఏంటంటే డబ్బులిస్తే మనిషి నిజం చెప్పడు, మనకి నచ్చింది చెప్తాడు అని. ఇందులో కొంత న్యాయం ఉంది, వార్తల విషయంలో అయితే చాలా న్యాయం ఉంది. కానీ ఒక రోజు పోతే ఏం పోతుందో లెక్కేద్దాం. ఉపాధి హామీ పనికెళ్లే ఆవిణ్ని పొద్దున్నే వెలుతురు బాగుందని ఇంటర్వ్యూకి కూర్చోబెట్టారనుకోండి. 2023 నుంచి పని దగ్గర రోజుకి రెండుసార్లు ఫొటో తీసి యాప్‌లో ఎక్కిస్తేనే హాజరు. పొద్దున ఫొటోలో లేకపోతే ఆ రోజు మస్టర్ గల్లంతే, 2025-26 రేటు ప్రకారం 307 రూపాయలు. ఒక కెమెరా ముందు కూర్చున్నందుకు ఇంకో కెమెరా ముందు గైర్హాజరు. పలాసలో కిలో లెక్కన జీడిగింజలు ఒలిచే ఆవిడైతే, జీడిపిక్క రసానికి చర్మం ఊడిన వేళ్లని క్లోజప్‌లో "ఇంకొంచెం వెలుతురులోకి పెట్టమ్మా, మళ్ళీ ఒకసారి" అని తీస్తున్నంతసేపూ ఆవిడ తూకం తగ్గిపోతూ ఉంటుంది. సౌండ్ అబ్బాయికి రోజు బత్తా ఉంది, డ్రైవర్‌కి ఉంది, నాకూ ఉంది. అక్కడ బత్తా లేని మనిషి ఆవిడొక్కతే, సినిమా మాత్రం ఆవిడ గురించి.

కోర్టుకెళ్తే ఏమవుతుందో ఫ్రాన్స్‌లో ఒకసారి చూశారు. 2002లో ఒక చిన్న పల్లెటూరి బడి మీద 'ఎత్ర్ ఎ అవ్వార్' అనే డాక్యుమెంటరీ వచ్చి పెద్ద హిట్ అయింది. అందులో కనపడిన టీచరు తనకీ వాటా కావాలని, తన పాఠాలు తన సృష్టి అని కేసేశాడు. ఓడిపోయాడు, అప్పీల్లోనూ ఓడిపోయాడు. ఆయన తన ఉద్యోగమే తను చేసుకున్నాడు, నటించలేదు కదా అన్నది కోర్టు తర్కం. అంటే 'మామూలుగా ఉండటం' చట్టం దృష్టిలో పని కాదు. మన దేశంలో 2023 మార్చిలో ఆస్కార్ వచ్చిన 'ది ఎలిఫెంట్ విస్పరర్స్' గుర్తుందా, ముదుమలై ఏనుగుల క్యాంపులో బొమ్మన్, బెల్లీ దంపతులు. అదే ఏడాది ఆగస్టులో తమకి ఇస్తామన్నది ఇవ్వలేదని వాళ్ల పేరు మీద లీగల్ నోటీసు వెళ్లింది, సినిమా వాళ్లు ఆ ఆరోపణల్ని ఖండించారు. ఎవరిది నిజమో తేల్చడానికి నేనెవణ్ని, కానీ ఒకటి మాత్రం కనపడుతోంది: ఎవరికి ఏం వస్తుందో ముందే, వాళ్ల భాషలో, సాక్షుల ముందు రాసుకుని ఉంటే ఆ తగువుకి ఇంత చోటుండేది కాదు. అలా చేసినవాళ్లు లేకపోలేదు, అమెరికాలో 1994 నాటి 'హూప్ డ్రీమ్స్' తీసినవాళ్లు అందులో బాస్కెట్‌బాల్ ఆడిన ఇద్దరు నల్లజాతి కుర్రాళ్లకి లాభంలో వాటా ఇచ్చారు, దాంతో సినిమా నిజం ఏమీ తగ్గిపోలేదు.

నా మట్టుకు నేను ఇలా అనుకుంటాను. కథకి డబ్బివ్వకండి, సరే. పోయిన కూలి ఇవ్వండి, నాలుగు పూటలు మీకు అన్నం పెట్టిన ఇంటికి బియ్యం ఖర్చు ఇవ్వండి, సినిమాకి నిజంగా డబ్బులొస్తే వాటా ఇవ్వండి, ఇదంతా మొదటి రోజే చెప్పండి. చివర్లో జేబులోంచి తీసి రెండు వేలు చేతిలో పెట్టి "పిల్లలకి స్వీట్లు కొనండి" అనడం ఉంది చూశారా, అది అన్నిటికన్నా చెడ్డది, కూలిని కాస్తా దానం చేసేస్తుంది.

ఎడిటింగ్ సంగతికొస్తే, మనిషి ఎంత చెప్పినా తెర మీద ఉండేది కొన్ని నిమిషాలు, ఏ నిమిషాలో వాళ్ల చేతిలో ఉండదు. పేరు కింద వేసే చిన్న పట్టీ చూడండి: 'కిడ్నీ బాధితుడు'. ఆయన ఇరవై ఏళ్లు ఆర్మీలో చేసి రిటైరైనాయన, కొబ్బరి పీచు వ్యాపారం చేసినాయన, ఊళ్లో రాముడి గుడి కమిటీ ప్రెసిడెంట్, పోయినసారి వార్డు మెంబరుగా ఓడిపోయినాయన. పట్టీలో పట్టింది జబ్బొక్కటే. బుందేల్‌ఖండ్‌లో 2002 నుంచి 'ఖబర్ లహరియా' నడుపుతున్న ఆడవాళ్లున్నారు, పేపర్‌గా మొదలై తర్వాత డిజిటల్‌కి మారింది, దళిత మహిళలు ముందుండి నడిపే వార్తా సంస్థ. వాళ్ల మీద తీసిన 'రైటింగ్ విత్ ఫైర్' 2022లో ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లింది. ఫంక్షన్‌కి కొద్ది రోజుల ముందు వాళ్లే బహిరంగంగా చెప్పారు, సినిమా బాగుంది గానీ మేం ఒక్క పార్టీ మీదే వార్తలు రాస్తున్నట్టు కనపడుతోంది, మా పని అది కాదు అని. గమనించండి, వీళ్లు కెమెరా అంటే తెలియనివాళ్లు కాదు, వాళ్ల వృత్తే వార్త. వాళ్లకే తెర మీద కనపడింది తమలాగ అనిపించలేదు, పైగా ఆ పార్టీ ముద్ర పడితే రేపు వార్తకి ఊళ్లోకెళ్లినప్పుడు దెబ్బ తగిలేది వాళ్లకి, డైరెక్టర్లకి కాదు. అందుకే సినిమా పూర్తయ్యాక ప్రీమియర్‌కి పిలిచి శాలువా కప్పడం కాదు, రఫ్ కట్ (మొదటి విడత ఎడిటింగ్) అవగానే చూపించాలి, ఇంకా మార్చడానికి వీలున్నప్పుడు. డైరెక్టర్లు దీనికి భయపడతారు, కథ మా చేతిలోంచి పోతుంది అని. అన్నీ ఒప్పుకోనక్కర్లేదు, మీ విమర్శ మీరు ఉంచుకోండి, ఎమ్మెల్యేకి ఈ సౌకర్యం ఇవ్వమని ఎవరూ అనట్లేదు. తన గురించి తను చెప్పుకున్న పేద మనిషికి, "ఇది నాకు ప్రమాదం, ఇది తప్పు" అనే రెండు మాటలు చెప్పే చోటు కావాలి అంతే.

ఆ తర్వాత బతుకు. డాక్యుమెంటరీ ఒకప్పుడు ఫెస్టివల్లో ఆడి డబ్బాలోకి పోయేది. ఇప్పుడు యూట్యూబ్‌లో ఉంటుంది, దాన్ని ఇంకెవడో ముక్కలు కోసి ఏడుపు మ్యూజిక్ పెట్టి రీల్ చేస్తాడు, 'చావుల ఊరు' అని థంబ్‌నెయిల్ పెడతాడు. ఉద్దానం ఊళ్లకి పిల్లనివ్వడానికి వెనకాడుతున్నారని పేపర్లలో ఎన్నోసార్లు చదివాం. ఆ నిమిషంన్నర వీడియోలో వాళ్ల నాన్న ఉన్నాడనుకోండి, పెళ్లిచూపులకి వచ్చేవాళ్లు ఇంటికి రాకముందే ఫోన్లో చూసేస్తారు. నాన్న సంతకం పెట్టినప్పుడు కూతురికి పదేళ్లు, ఆ సంతకం బరువు ఆ పిల్ల మీద పడుతుంది, ఆ పిల్లని ఎవరూ ఏమీ అడగలేదు. పోయిన మనిషి వీడియో ఇంకా తిరుగుతూ ఉంటుంది, దానిమీద ఇంట్లోవాళ్లలో కూడా ఒకే మాట ఉండదు, పెద్దకొడుకు తీసెయ్యమంటాడు, భార్య ఉండనీ, ఆయన గొంతు అందులోనే ఉంది అంటుంది. దీనికి ఏ చట్టంలోనూ సమాధానం లేదు, ఉంటుందనీ అనుకోను.

కాబట్టి రేపు మీ వీధిలోకి ఒక కారొచ్చి ముగ్గురు దిగి మీ అమ్మతోనో మావయ్యతోనో మాట్లాడాలంటే, ఇంట్లో చదువుకున్నవాళ్లు మీరు చెయ్యాల్సిన పని కొంచెం ఉంది. సంతకం మొదటి రోజు వద్దని చెప్పండి, షూటింగ్ అయ్యాక నాలుగు రోజులాగి, ఏమేం మాట్లాడామో తల్చుకున్నాక పెడతామనండి. ఫారం తెలుగులో అడగండి, ఇవ్వలేకపోతే వాళ్ల చేతే ఇంగ్లీష్ ఫారం గట్టిగా చదివించి తెలుగులో చెప్పించి మీ ఫోన్లో రికార్డ్ చేసుకోండి, వాళ్ల కెమెరా ఆడుతున్నప్పుడు మీ కెమెరా ఆడకూడదని ఎక్కడా లేదు. కాపీ ఇవ్వకపోతే అక్కడే ఫొటో తీసుకోండి. డైరెక్టర్ నంబరుతో పాటు నిర్మాణ సంస్థ ఈమెయిలు కూడా తీసుకోండి, నంబర్లు మారిపోతాయి. ముఖం వద్దు గొంతు చాలు అనొచ్చు, చేతులు మాత్రమే తియ్యండి అనొచ్చు, పిల్లలు ఫ్రేమ్‌లో వద్దు అనొచ్చు, ఇవన్నీ అడగదగ్గవే, మంచి టీములు ఒప్పుకుంటాయి కూడా, నేను చూశాను. ఫారం మీద కింద ఖాళీ ఉంటుంది, అక్కడ చేత్తో తెలుగులో రెండు లైన్లు రాయించుకోండి: విడుదలకి ముందు మాకు చూపిస్తాం, మీకు ప్రమాదం అని చెప్పినది తీసేస్తాం. కింద తేదీ, వాళ్ల సంతకం. ఆ రెండు లైన్లు రాయడానికి ఒప్పుకోని టీములూ ఉంటాయి, అలాంటివాళ్లకి టీ ఇచ్చి పంపించెయ్యొచ్చు, డీజిల్ ఖర్చు ఎలాగూ వాళ్లదే.